ఎర్రయ్యకు నేను అంటగట్టిన జబ్బు

మీకు నా ముఖం తెలుసు, పేరు తెలియదు. సినిమాల్లో హీరోకి బాబాయిని, సీరియళ్లలో కోడల్ని సాధించే మామని. పద్నాలుగేళ్లుగా ఈ ముఖం వెనక ఒక పాడు పని దాచుకుని బతుకుతున్నాను. ఇక మోయలేను. నన్ను ఓదార్చకండి. ఓదార్చేవాళ్లంటే నాకు ఒళ్లుమంట.

మాది పలాస, జీడిపప్పు వ్యాపారం. పగలు కొట్లో కూర్చుని, సాయంత్రాలు నాటకాల రిహార్సల్సుకి పోయేవాణ్ణి. మా బృందంలో ఎర్రయ్య అని అక్కుపల్లి మత్స్యకారుడు ఉండేవాడు. వేట లేని రోజుల్లో సైకిలు తొక్కుకుంటూ వచ్చేవాడు. చదువు రాదు. డైలాగు రెండుసార్లు చదివి వినిపిస్తే చాలు, పట్టేసేవాడు. స్టేజీ మీద ఊరికే నిలబడినా జనం వాణ్ణే చూసేవారు. పక్కన నేను గొంతు చించుకునేవాణ్ణి. వాడంటే నాకు ఇష్టమా? ఇష్టమనే అందరితో చెప్పేవాణ్ణి. లోపల మాత్రం వాడు ఒక్కసారైనా డైలాగు మరిచిపోవాలని కోరుకునేవాణ్ణి.

టెక్కలిలో నాటక పోటీలు జరిగాయి. తోట కాపలా ముసలాడి వేషం ఎర్రయ్యది, తోట యజమాని వేషం నాది. వారం తర్వాత హైదరాబాదు నుంచి ఫోను వచ్చింది. పోటీ చూసిన సినిమా మేనేజరు. కరపత్రం మీద ఉన్నది నా నంబరే. ఆ ముసలాడి వేషం వేసినాయన్ని పంపండి, మా సినిమాలో అలాంటి పాత్రే ఉంది అన్నాడు.

నేను తడబడలేదు. "అతనికి కిడ్నీలు పోయాయండి. ఉద్దానం మనిషి కదా" అన్నాను. ఆ వెంటనే, ఆ వేషం నేను చేస్తానన్నాను. ఉద్దానం పేరు వినగానే అవతలి మనిషి ఇంకేమీ అడగలేదు. మా ఊళ్లను తినేస్తున్న జబ్బుని నేను అలా వాడుకున్నాను.

వెళ్లాను. ఎర్రయ్య నడిచినట్టు నడిచాను, వాడు దగ్గినట్టు దగ్గాను. అందరూ మెచ్చుకున్నారు.

అక్కడితో ఆగినా బాగుండేది. వాణ్ణి కాదని నిన్నెందుకు పిలిచారని మా హార్మోనిస్టు ఫోను చేసి అడిగితే అతనికీ అదే అబద్ధం చెప్పి, ఎవరితో అనొద్దన్నాను. అనొద్దన్న మాట ఆగుతుందా? అక్కుపల్లి చేరింది. నడిసముద్రంలో పడిపోతే ఎవరు చూస్తారని పడవ యజమాని ఎర్రయ్యని వేటకి తీసుకెళ్లడం మానేశాడు. మిగతా పడవలవాళ్లూ అంతే.

ఎర్రయ్య రక్తపరీక్ష చేయించుకుని, ఆ కాగితం పట్టుకుని ఇంటింటికీ తిరిగాడు. షూటింగు ముగించుకుని పలాస వచ్చానని తెలిసి మా కొట్టుకీ వచ్చాడు.

"సూడు బావా, డాట్రు రాసిచ్చినాడు. నాకేటీ నేదు. మరి ఈ మాట ఎవులు పుట్టించినారంటావు?"

"ఎవులో గిట్టనోడు. ఒగ్గేయ్."

"నేనంటే గిట్టనోడు ఎవుడున్నాడు బావా?"

పని ఉందని చెప్పి, డబ్బాల మూతలు బిగిస్తూ కూర్చున్నాను. వాడికి నిజంగా తెలియదా, లేక నా నోటితోనే చెప్పించాలని అలా అడిగాడా? ఇప్పటికీ తేల్చుకోలేను.

ఆ ఏడే వాడు గుజరాతు పడవల్లో కూలికి పోయాడు. మళ్లీ వేషం కట్టలేదు.

పోయినేడు మూలపేట దగ్గర షూటింగుకి వచ్చినప్పుడు వాళ్లింటికి వెళ్లాను. గుజరాతులో వేట ఆపిన నెలలు అవి, ఇంట్లోనే ఉన్నాడు. నేను తన బావనని ఇరుగుపొరుగుకి గొప్పగా చెప్పాడు. వాడి భార్య మాత్రం గుమ్మంలో నిలబడి నన్నే చూసింది. మంచినీళ్లు కూడా ఇవ్వలేదు. తప్పు చేసింది నేను, కోపం వచ్చిందీ నాకే! చెబుదామని వెళ్లినవాణ్ణి, చెప్పకుండానే లేచి వచ్చేశాను.

సిగ్గుపడుతున్నానా? పడుతున్నాను. కానీ ఆ ఫోను ఇవాళ వచ్చినా నిజం చెబుతానని ఒట్టు వేయలేను. ఇది చదివాక నన్ను అసహ్యించుకుంటారో, నా సీరియల్ చూడటం మానేస్తారో, మీ ఇష్టం.

ఎర్రయ్యకి ఏ జబ్బూ లేదు. ఆ మాట పుట్టించింది నేను. ఇది రాయడానికి పద్నాలుగేళ్లు పట్టింది. రాశాక కాస్త ఊపిరి ఆడుతోంది. అంతే.