వెనకబడి నడవాల్సిన గడియారం

2004లో ఉగాది వెళ్ళిన వారానికి, భద్రాచలం బస్టాండు పక్క సందులో ఉన్న నా గడియారాల రిపేరు షాపుకు ఒక పెద్దాయన వచ్చాడు. గోడగడియారాన్ని దుప్పట్లో చుట్టి, పసిపిల్లను ఎత్తుకున్నట్టు ఎత్తుకొచ్చాడు. అప్పటికే సెల్‌ఫోన్లు వచ్చి నా పని సగానికి పడిపోయింది. రోజంతా బ్యాటరీలు మార్చడమే. కీ ఇచ్చే గడియారం కనబడేసరికి ప్రాణం లేచొచ్చింది.

ఆయన గురించి విని ఉన్నాను. పర్ణశాల దగ్గర ఒంటరిగా ఉండే రిటైర్డ్ సైన్సు మాస్టారు. అందరూ కాలం సారు అనేవారు. కాలాన్ని దాచుకునే విద్య ఒకటుందని నోటుబుక్కులు నింపుతాడని, చిల్లు పెట్టిన రాగి గిన్నెలు నీళ్ళలో వదిలి గడియలు కొలుస్తాడని చెప్పుకునేవారు. ఊరు ఉగాది చేసుకున్న రెండు మూడు వారాలకు ఆయనొక్కడే పచ్చడి కలుపుకుంటాడని నవ్వేవారు. నేనూ నవ్వినవాణ్ణే.

"ఇయ్యాల పొద్దుగాల్నే ఆగింది. చేతులు వణుకుతున్నయ్ నాయనా, లేకుంటే నేనే చేసుకుందును. నడిస్తే చాలు. ఇంకేం ముట్టకు," అన్నాడు.

మెయిన్‌స్ప్రింగ్ విరిగింది. కీ ఇస్తే బిగుసుకుని గడియారాన్ని నడిపే ఉక్కు పట్టీ అది. కొత్తది వేశాను. లోపల నెల, తేదీ చూపే చక్రం ఒకటుంది. ఆయన టేకు చెక్కతో సొంతంగా చేసి అమర్చుకున్నది. ఆ పళ్ళు ఎంత సన్నగా కోశాడో! అంత పనితనం నేను మళ్ళీ చూడలేదు. కానీ తేదీ పందొమ్మిది రోజులు వెనక ఉంది. నడిపి చూస్తే రోజుకు నాలుగు నిమిషాలు వెనకబడుతోంది. పాపం, ముసలాయనకు ఇది చేతకాలేదు కాబోలనుకున్నాను.

సరైన టైం పెట్టకుండా గడియారం చేతికివ్వొద్దని నాకు పని నేర్పిన ఉస్తాద్ మాట. అందుకని రెగ్యులేట్ చేశాను. అంటే పెండ్యులం కింది మర తిప్పి, గుండును కాస్త పైకి లేపి, నడక సరిచేయడం. చక్రాన్ని కూడా తిప్పి ఆ రోజు తేదీకి తెచ్చాను. అడగకపోయినా పాలిష్ పెట్టాను.

వారానికి వచ్చి గడియారం చూడగానే ఆయన బల్ల మీద కూలబడ్డాడు.

"తేదీ ఎవరు మార్చిండ్రు?"

"నేనే సార్. తప్పుంటే సరిచేసిన."

"తప్పు కాదు నాయనా. అది పందొమ్మిదేండ్ల పని."

అప్పుడు చెప్పాడు. ఆయన భార్యకు జ్వరం తగులుకుంటే, ఏదో యంత్రం తయారుచేస్తూ రేపు, మాపు అని జరిపాడు. చివరికి దవాఖానాకు తీసుకెళ్తే, ఇరవై రోజుల ముందు తెస్తే బతికేదని డాక్టరు అన్నాడు. ఆమె పోయిన రోజు నుంచి గడియారాన్ని రోజుకు నాలుగు నిమిషాలు వెనకబడేటట్టు పెట్టుకున్నాడు. ఏడాదికి ఒక రోజు మిగులుతుంది. ఇరవై రోజులు నిండితే వాటిని ఆమెకు చేర్చవచ్చని ఆయన నమ్మకం. ఇంకొక్క ఏడాది ఉంది.

"మళ్ళ వెనక్కి తిప్పుత సార్. ఒక్క నిమిషం పని."

"చేత్తోని తిప్పితే అది కాలమెట్లయితది? నడుసుకుంటనే వెనకబడాలె. ఈ ఏడు నా ఉగాది గూడ ఇంక రాలే. దాన్ని దాటిచ్చినవ్."

తిట్టినా బాగుండేది. ఆయన విద్యను నమ్మానా అంటే, లేదు. కానీ ఒక మనిషి పందొమ్మిదేళ్ళ దుఃఖాన్ని తుడిచి పాలిష్ పెట్టి ఇచ్చానని సిగ్గుతో తల ఎత్తలేకపోయాను.

గడియారాన్ని నావైపు జరిపి ఆయనే అన్నాడు. "నాకు డెబ్బై ఒకటి. ఇంకో ఇరవై ఏండ్లు నాతోని కాదు. రోజుకు ఎనిమిది నిమిషాలు వెనకబడేటట్టు చేస్తవా?"

సరిగ్గా నడిచే గడియారాన్ని చేతులారా చెడగొట్టడం నాకదే మొదలు. వేరే పని ముట్టకుండా నాలుగు రోజులు గుండును వెంట్రుకవాసి చొప్పున కిందికి దించుతూ కూర్చున్నాను. ఎనిమిది నిమిషాలు పక్కాగా వచ్చాకే ఇచ్చాను.

2006లో ఊరంతా ఉగాది చేసుకున్న నాలుగు రోజులకు వేపపూత, మామిడికాయ, కొత్త బెల్లం పట్టుకుని పర్ణశాల బస్సెక్కాను. ఆయన తలుపు తీసి నన్నూ, సంచినీ చూశాడు.

"ఇయ్యాల్నే అని నీకెట్ల తెల్సు?"

"ఏడాదికి రెండు రోజులు, రెండేండ్లకు నాలుగు. గడియారం నడక పెట్టింది నేనే గద సార్."

ఇంట్లో రెండో గిన్నె వెతకడానికి ఆయనకు చాలాసేపు పట్టింది. పచ్చడి నా చేతికిస్తూ, "ఇన్నేండ్లల్ల నా పండుగకు ఒక్కలు రాలే," అని ఏడ్చాడు. నాకూ కళ్ళనీళ్ళు ఆగలేదు.

2008లో ఆయన పోయాడు. అప్పటికి ఎనిమిది రోజులే కూడాయి. గడియారం నాకిమ్మని చెప్పి పోయాడట. దాన్ని షాపులో తగిలించి రోజూ కీ ఇస్తున్నాను. నడక సరిచేయలేదు.

ఇప్పుడు ఎవరు గడియారం తెచ్చినా మా ఉస్తాద్ మాట పక్కనపెట్టి ముందు అడుగుతాను. "టైం పెట్టమంటరా, ఉన్నట్టే ఉంచమంటరా?" అదేం ప్రశ్నని నవ్వుతారు. నవ్వనీ. అడగడం మాత్రం మానను.