స్టేషన్ బెంచీ మీద మా మామ

మా నారాయణఖేడ్‌కు రైలు లేదు. పెళ్ళయ్యేదాకా నేను రైలెక్కలేదు. పెళ్ళయిన కొత్తలో మా ఆయన నన్ను ఖేడ్ డిపోలో బస్సెక్కించి లింగంపల్లికి తీసుకొచ్చాడు. ఆయనకు అక్కడ కంపెనీలో పని. మేమున్న గది వెనక సందులోంచి నడిస్తే స్టేషన్. అప్పుడు ప్లాట్‌ఫారం నేలకు కొంచెమే ఎత్తు. రైలు మెట్టు నా నడుముదాకా వచ్చేది. మా ఆయన ముందెక్కి, చెయ్యిచ్చి నన్ను పైకి లాగేవాడు. పట్టాల పక్కన మేకలు మేసేవి.

తర్వాత లోకల్ రైళ్ళు వచ్చాయి. ప్లాట్‌ఫారం ఎత్తు పెంచారు, రేకుల కప్పు వేశారు, ఆడవాళ్ళకు వేరే పెట్టె వచ్చింది. పిల్లలు బడికి పోవడం మొదలుపెట్టాక నేనూ మందుల డబ్బాలు ప్యాక్ చేసే పనిలో చేరి, రోజూ ఆ పెట్టెలోనే పోయొచ్చేదాన్ని. జొన్న చేలున్న దిక్కున అపార్టుమెంట్లు లేచాయి. పొద్దున నిలబడడానికి చోటు దొరికితే గొప్ప అన్నట్టయింది.

మా మామకు, అంటే మా ఆయన తండ్రికి, ఇవేవీ తెలియవు. కల్హేర్ దిక్కున ఆయనకు కొంత చెల్క భూమి ఉంది. కంది వేస్తాడు, జొన్న వేస్తాడు. అత్త పోయినంక కూడా ఒక్కడే వండుకుని తిన్నాడు గాని పట్నానికి రాలేదు. అలాంటి మనిషికి కాళ్ళు, మొహం వాచి, దవాఖానలో చూపిస్తే రెండు కిడ్నీలూ పనిచేయడం లేదన్నారు. వారానికి మూడుసార్లు రక్తం శుభ్రం చేయించాలన్నారు. అప్పటికి ఖేడ్‌లో ఆ సౌకర్యం లేదు. ఒక ధోతి, తువ్వాల చంకలో పెట్టుకుని మా గదికి వచ్చాడు.

మా ఆయనది షిఫ్టుల పని. దవాఖానకు రైల్లో పోవాలి. నేను పని మానేసి మామను తీసుకుపోవడం మొదలుపెట్టాను.

మా ఇళ్ళలో కోడలు మామ ముందు కూర్చోదు. పెళ్ళయి అన్నేళ్ళయినా మేమిద్దరం సరిగ్గా మాట్లాడుకున్నది లేదు. స్టేషన్‌లో ఆయన ఒక స్తంభం పక్కన నిలబడేవాడు, నేను కొంగు తలమీద కప్పుకుని ఇంకో స్తంభం పక్కన. రైలొస్తే ఒకే పెట్టె ఎక్కేవాళ్ళం, అంతే.

ఒకరోజు తిరిగి వస్తుంటే లింగంపల్లి స్టేషన్ వంతెన మెట్ల మీద ఆయనకు కళ్ళు తిరిగాయి. రెయిలింగ్ పట్టుకుని మెల్లగా కిందికి జారిపోతున్నాడు. నేను ఉరికి రెక్క పట్టుకున్నాను. అంతకుముందు ఆయన్ని ఎప్పుడూ తాకలేదు. సూదులు గుచ్చి గుచ్చి ఆ చెయ్యి నరం తాడులా ఉబ్బి ఉంది. జనం మమ్మల్ని తప్పుకుంటూ ఎక్కేవాళ్ళు ఎక్కుతున్నారు, దిగేవాళ్ళు దిగుతున్నారు. కొంతసేపటికి తేరుకుని, నా భుజం పట్టుకుని దిగి, ప్లాట్‌ఫారంలో బెంచీ మీద కూలబడ్డాడు.

"కూసో బిడ్డా," అన్నాడు.

నేను నిలబడే ఉన్నాను.

"ఈడ మనల్ని చూసేటోడు ఎవడున్నడు. కూసో."

కూర్చున్నాను. ఆనాటినుంచి దవాఖాన నుంచి వచ్చిన ప్రతిసారీ ఆ బెంచీ మీద కాసేపు ఆగేవాళ్ళం.

ఆ రోజుల్లోనే స్టేషన్‌ను మళ్ళీ తవ్వారు. కొత్త వంతెన, దాని పక్కన లిఫ్టు కడుతున్నారు. ఇనుప దూలాలు, కంకర కుప్పలు, ఎటు చూసినా దుమ్ము. కూలీలలో మా ఖేడ్ పక్క నాగల్‌గిద్ద మనిషి ఒకామె ఉండేది. సగం కన్నడం, సగం తెలుగు. మామ ఆమె మాట పట్టేసి, "మనదిక్కు మనిషివే," అన్నాడు. అప్పటినుంచి ఆమె తట్ట దించినప్పుడల్లా ఆయన అడిగేది ఒక్కటే, అటు వానలు పడ్డయా అని. ఆమె ఫోన్‌లో ఊరోళ్ళను అడిగి మరీ చెప్పేది.

దసరాకు ఊరికి పోయొచ్చి ఆమె, "పెద్దాయినా, కంది పూతకొచ్చింది. ఈసారి మంచిగున్నది," అంది.

మామ తలూపాడు. ఆమె తట్టెత్తుకుని పోయింది.

"బిడ్డా, ఇగ నాతోని కాదు," అన్నాడు.

"నీరసంగున్నదా మామా? చాయ్ తేవాల్నా?"

"అదిగాదు. ఇగ సూదులొద్దు. ఇంటికి పోత."

"పోతే ఏమైతదో ఎరుకేనా?"

"ఎరుకే. నువ్వు మందులకు పోయినప్పుడు డాక్టర్‌ను అడిగిన. దాచకుండ చెప్పిండు."

"ఇంట్ల ఆయనకు నేనేం చెప్పాలె మామా?"

"నువ్వు చెప్పకు. నీ మీద పడుతది. నేనే చెప్త."

ఆ సాయంత్రం కొడుకును ఎదురుగా కూర్చోబెట్టుకుని చెప్పాడు. మా ఆయన ముందు కోపానికొచ్చాడు. తర్వాత బతిమాలాడు. "నౌకరి బంద్‌జేస్త బాపూ, నేనే తోల్కపోత," అన్నాడు.

"నువ్వు తోల్కపోయినా గంతే కదరా," అన్నాడు మామ. మా ఆయన తువ్వాల మొహానికి అడ్డం పెట్టుకుని ఏడ్చాడు. మామ ఆపలేదు, వీపు మీద చెయ్యి వేసి కూర్చున్నాడు.

ఖేడ్‌కు ముగ్గురం బస్సులో వెళ్ళాం. డిపో బయట ఆటో ఎక్కించి ఊరికి తీసుకుపోయాం. చేను గట్టు మీద మంచం వేయమన్నాడు. పట్నంలో ఉన్నన్నాళ్ళు డాక్టర్ చెప్పినట్టు నీళ్ళు కొలిచి తాగిన మనిషి, ఆరోజు చెంబు ఎత్తి గుక్క తిప్పుకోకుండా తాగాడు. జొన్నరొట్టె, ఉప్పు వేసిన పప్పు అడిగి తిన్నాడు. పసుప్పచ్చగా పూసిన కందిని చూస్తూ, ఏ సాలుకు మందు కొట్టాలో కొడుకుకు చెప్పాడు. ఆ రెండు మూడు రోజులు మంచిగానే ఉన్నాడు. తర్వాత ఒళ్ళంతా వాచింది, ఊపిరికి కష్టమైంది. వెనక్కి ఆనుకోవడానికి దిండ్లు చాలక నేను వెనక కూర్చుని ఆనించుకున్నాను. ఒక తెల్లవారుజామున అలాగే పోయాడు.

దినాలయ్యాక లింగంపల్లికి వచ్చేశాం. నేను మళ్ళీ పనిలో చేరాను. కొత్త వంతెన తెరిచారు, లిఫ్టు నడుస్తోంది. నాగల్‌గిద్ద ఆమె ఇంకో పనికి ఎటో వెళ్ళిపోయింది.

కొన్ని నెలల తర్వాత ఒక ఆదివారం మా ఆయన, నేను ఆ బెంచీ పక్కన రైలు కోసం నిలబడి ఉన్నాం.

"ఈడ కూసుండి మీరిద్దరు ఏం మాట్లాడుకునేటోళ్ళు?" అని అడిగాడు. ఆ మాట అడగడానికి ఆయనకు అన్ని నెలలు పట్టింది.

"నీ ముచ్చట్లే ఎక్కువ," అన్నాను. "చిన్నప్పుడు నువ్వు రైలు చూస్తనని మొండికేస్తే మామ బీదర్ స్టేషన్ దాకా ఎత్తుకపోయిండట. రైలు రాకముందే భుజం మీద నిద్రపోయినవట. లేపితే ఆ సప్పుడుకు జడుసుకుంటవని లేపలేదట."

మా ఆయన పట్టాల దిక్కు చూస్తూ నిలబడ్డాడు.

"నాకు యాదికి లేదు," అన్నాడు.

ఆయన కళ్ళు తుడుచుకునేదాకా ఆగాను. రైలొచ్చింది. ఇద్దరం ఎక్కాం.