తలుపు దగ్గరి పెద్దావిడ

కోడలు చేసిన తప్పల్లా ఒక్కటే. అత్తగారిని ఆవిడకు చెప్పకుండా బొమ్మల సినిమాలో పెట్టేసింది.

కోడలిది వీడియో గేముల కంపెనీలో ఉద్యోగం. హీరో కత్తి దూసుకుంటూ పోతుంటే వెనకాల ఊరికే నిలబడే జనం ఉంటారు చూడండి, వాళ్లను కదిలించడం ఆమె పని. అలాంటి బొమ్మ మీదే ఇంట్లో సొంతంగా ఓ చిన్న సినిమా తీసింది. కథంటూ పెద్దగా లేదు. ఆటలో ఓ గుమ్మం దగ్గర ఓ పెద్దావిడ నిలబడి, ఎవరొచ్చినా ఒకే మాట అడుగుతుంది, "తిన్నావా?" అని.

ఆ నడుం మీద చెయ్యి, బరువు మోపని ఆ కుడికాలు, ఆ గొంతు, అన్నీ అత్తగారివే. రోజూ ఆవిడ తలుపు తీసే వేళ కోడలు ఫోనులో గుట్టుగా రికార్డు చేసుకుంది. చెబుదాం చెబుదాం అనుకుంటూండగానే హాల్లో ఆ సినిమా ప్రదర్శన నెత్తి మీదికొచ్చింది. పైగా అత్తగారే అందరికంటే ముందు తయారై కూర్చుంది.

ఇక కోడలి అవస్థ చూడాలి. తెర మీదికి కత్తి పట్టిన వీరుడొచ్చాడు. "తిన్నావా?" అంది బొమ్మ. హాలు గొల్లుమంది. నిప్పులు కక్కే రాక్షసుడొచ్చాడు. "తిన్నావా?" వాడు నోరు మూసుకుని తల దించుకున్నాడు. జనం పొట్టలు పట్టుకున్నారు. అత్తగారు మాత్రం ఉలుకూ పలుకూ లేకుండా కూర్చుంది. పదిమందిలో ఆవిణ్ణి నవ్వులపాలు చేశాను, ఇక ఏ మొహం పెట్టుకుని ఇంట్లో తిరగను అని కోడలు కుమిలిపోయింది. చివర్లో ఆట ఆడేవాడు విసుగొచ్చి వెళ్లిపోతాడు. బొమ్మ మాత్రం దారికేసి చూస్తూ అలాగే నిలబడి ఉంటుంది.

బయటికొచ్చాక కోడలే అడిగింది. "చెప్పకుండా చేశాను. కోపమొచ్చిందా అత్తయ్యా?"

"అది సరేగానీ, ఆ ఆడే అబ్బాయి మళ్లీ వస్తాడా?"

"రాడు. వేరే ఆట కొనుక్కున్నాడు."

"ఆ సంగతి ఆవిడకి తెలుసా?"

"తెలీదు."

అత్తగారు ఆగి మోకాలు పట్టుకుంది. "నవ్వితే నవ్వారు పోనీ. అంతసేపు నిలబెట్టావేంటమ్మా? ఓ కుర్చీ వేస్తే నీ సొమ్మేం పోయింది?"

ఆ మోకాలిని అంత శ్రద్ధగా గీసిందేగానీ, ఇంటి గుమ్మం దగ్గర కుర్చీ వేద్దామని కోడలికి ఒక్కనాడూ తట్టలేదు. సిగ్గుతో చచ్చిపోయింది.

మర్నాడు ఆఫీసు నుంచి వస్తూ చేతులున్న కుర్చీ ఒకటి మోసుకొచ్చింది. అత్తగారు తలుపు తీసి కుర్చీని ఎగాదిగా చూసింది. "ఇది ఆవిడకా, నాకా?"

"మీకే. ఆవిడకి పొద్దున్నే గీసేశాను."

అత్తగారు దాన్ని గుమ్మం పక్కన వేయించుకుని కూర్చుంది. అటూ ఇటూ కదిలి చూసుకుంది. అప్పుడు తీరిగ్గా అడిగింది.

"తిన్నావా?"