గడ్డం కింద లైటు

నా చిన్నప్పుడు, అమెరికాలోని అల్ఫారెట్టాలో మా ఇంటి బేస్‌మెంట్‌లో దెయ్యం ఉండేది. నవ్వకండి, ఈ కళ్ళతోనే చూశాను. అప్పుడు ఎంఎస్ చదువుతున్న మా బాబాయి ఫ్రెండ్స్‌ని పోగేసి అక్కడ ఒక షార్ట్ ఫిల్మ్ తీశాడు. కెమెరా పట్టింది పక్కింటి టర్కీ అంకుల్. ఇస్తాంబుల్‌లో సినిమాలకు కెమెరామన్‌గా పనిచేసి, పెద్దతనంలో కూతురి దగ్గరికి వచ్చేశారు. తీసినవన్నీ భయపెట్టే సినిమాలేనట. మా అమ్మమ్మ గారెల కోసం బాబాయికి ఉచితంగా పనిచేశారు.

వద్దన్నా వినకుండా మెట్ల మీద నుంచి తొంగిచూశాను. జుట్టు విరబోసుకుని, కళ్ళు గుంటలు పడి, నల్లటి నోరు తెరిచి ఒకామె నావైపే తిరిగింది. అంతే, జ్వరం వచ్చేసింది! ఆమె బాబాయి క్లాస్‌మేటే అని ఎంత చెప్పినా నేను నమ్మితేగా. బేస్‌మెంట్ తలుపు దాటాలంటే కళ్ళు మూసుకుని పరిగెత్తేదాన్ని.

ఒకరోజు స్కూల్ నుంచి వచ్చాక, పెద్ద సుడిగాలి వస్తోందని టోర్నడో సైరన్ మోగింది. అమ్మానాన్నా ఆఫీస్‌లో ఉన్నారు. వెంటనే బేస్‌మెంట్‌లోకి దిగమని టీవీలో చెబుతుండగానే కరెంటు పోయింది. పైనుంటే గాలి చంపేస్తుంది, దిగితే దెయ్యం చంపేస్తుంది. రెయిలింగ్ పట్టుకుని ఒకటే ఏడుపు. అమ్మమ్మ లాగింది, తిట్టింది, బతిమాలింది. చివరికి "నువ్వు దిగకపోతే నేనూ దిగనే తల్లీ" అని నా పక్కనే చతికిలబడింది. దాంతో నాకు ఇంకా భయం పట్టుకుంది.

అంతలో ఎవరో తలుపు బాదారు. అమ్మమ్మ తీసేసరికి టర్కీ అంకుల్, తడిసి ముద్దయి. నన్ను చూడగానే ఆయనకి సంగతి అర్థమైపోయింది. చేతిలో టార్చి గడ్డం కింద పెట్టుకుని వెలిగించారు. అమ్మో, అదే దెయ్యం! అవే గుంటలు, అదే నల్లటి నోరు! కెవ్వుమన్నాను. ఆయన మెల్లగా టార్చి పైకెత్తారు. తెల్లమీసాల తాతగారు నవ్వుతున్నారు. అప్పుడు టార్చి నా చేతికిచ్చారు. అమ్మమ్మ గడ్డం కింద పెట్టి చూశాను. అమ్మమ్మా దెయ్యమే! "చాల్లే వేషాలు, నడు" అంది.

ముగ్గురం దిగాం. పైన ఇల్లంతా కిర్రుమంటోంది, ఏవో అద్దాలు భళ్ళున పగిలాయి. టార్చి అంకుల్ మీదకి తిప్పితే ఆ ముఖంలో నవ్వు లేదు. నా చెయ్యి పట్టుకుని, కిర్రుమన్నప్పుడల్లా పైకప్పు వైపే చూస్తున్నారు. ఆయన చిన్నప్పుడు భూకంపంలో ఇల్లు మీద పడిందట. ఇల్లు ఊగితే ఇప్పటికీ ఊపిరాడదట. ఆ భయాన్నే జన్మంతా సినిమాల్లో తీస్తూ వచ్చానన్నారు. మరి ఇంత గాలిలో మాకోసం ఎందుకొచ్చారని అడిగాను.

"మీకోసం కాదమ్మా. మా అమ్మాయి ఆఫీస్‌లో ఉంది. ఒక్కడినే ఉండలేక వచ్చేశాను" అన్నారు.

గాలి తగ్గేదాకా ఆయన చెయ్యి రెండు చేతులతో గట్టిగా పట్టుకుని కూర్చున్నాను. ఇప్పుడు నాకూ పిల్లలున్నారు, భయాలు మాత్రం పోలేదు. కానీ భయమేసినప్పుడు ఒక్కదాన్నే కూర్చుని ఏడవను. చెప్పులేసుకుని వెళ్ళి పక్కింటి తలుపు కొడతాను.