ట్రేవియన్ హెల్మెట్

వెర్లన్ టిబ్స్ ఆదివారం చర్చి నుంచి తిన్నగా కాలేజీ ఆటసామాన్ల గదికి వచ్చి, టై విప్పకుండానే అరవై ఎనిమిది హెల్మెట్లు తుడవడం మొదలుపెట్టేవాడు. మట్టీ చెమటా రక్తమూ తుడవచ్చు గానీ, అవతలి జట్టు హెల్మెట్ల నుంచి అంటుకున్న రంగు మాత్రం ముట్టుకోకూడదు. కుర్రాళ్లకు అవే పతకాలు. ఓసారి పొరపాటున ఒకడి హెల్మెట్ తళతళలాడేలా తోమితే, వాడు వారం రోజులు మొహం మాడ్చుకుని తిరిగాడు.

వెర్లన్ ఒకప్పుడు ఆ కాలేజీ అమెరికన్ ఫుట్‌బాల్ జట్టులో యాభై నాలుగో నంబరు. బంతి పట్టుకుని వచ్చేవాణ్ణి కూల్చడమే అతని పని. ముప్పయ్యేళ్ల కిందట ఎవణ్ణెలా కూల్చాడో పూసగుచ్చినట్టు చెప్పేవాడు. నిన్న రాత్రి ఏం తిన్నాడో మాత్రం భార్య ఓపల్‌ను అడగాలి. ట్రక్కు తాళాలు ఫ్రిజ్‌లో దొరికితే వయసు మీద పడిందనేవాడు. యాభై రెండేళ్లకే ఏం వయసో ఆ మహానుభావుడికి!

ఇప్పుడు ఆ నంబరు ట్రేవియన్ మాబ్రీది. గుమ్మడికాయంత తల. జట్టులో ఇంకెవరి హెల్మెట్టూ పట్టదు కాబట్టి వెర్లన్ వాడికొకటి ప్రత్యేకంగా తెప్పించాడు.

ఆగస్టులో అందరికీ కంప్యూటర్ మీద జ్ఞాపకశక్తి పరీక్ష పెడతారు. తర్వాత తలకు దెబ్బ తగిలితే మళ్లీ అదే పరీక్ష. మార్కులు తగ్గితే ఆడనివ్వరు.

"ఒరేయ్, తెలివంతా ఇప్పుడే ఒలకబోయకండి. సగం తప్పులు పెట్టండి. రేపు బుర్ర దిమ్మెక్కినా ఇవే మార్కులొస్తాయి," అని చెప్పాడు వెర్లన్.

"నాకెలాగూ సగం తప్పులే గదా బాబాయ్!" అన్నాడు ట్రేవియన్. గదంతా ఒకటే నవ్వు.

సెప్టెంబరులో వరసగా నాలుగు గెలిచారు. మొదటి ఆటలోనే ట్రేవియన్ గుద్దుడుకి అవతలివాడి భుజం ఎముక విరిగిన చప్పుడు మెట్ల మీది జనానికి వినపడింది. అందరూ లేచి కేకలు పెట్టారు. వెర్లన్ అందరికంటే గట్టిగా పెట్టాడు.

అక్టోబరులో దెబ్బ వాడికే తగిలింది. రెండు తలలు ఎదురెదురుగా ఢీకొన్నాయి. ట్రేవియన్ లేచి, తూలుకుంటూ వెళ్లి, అవతలి జట్టు బెంచీ మీద కూర్చున్నాడు. జనం పడీపడీ నవ్వారు. సోమవారం డాక్టరు పరీక్ష పెడితే ఆగస్టు మార్కులే వచ్చాయి. ఆడొచ్చన్నాడు.

ఆ తర్వాతి ఆదివారం హెల్మెట్ లోపలి మెత్తలో ఎండిన వాంతి కనబడింది.

"పిన్ని పెట్టిన చేప పడలేదు బాబాయ్," అన్నాడు ట్రేవియన్.

ఓపల్‌ను అడిగితే ఆ వారం చేప వండనే లేదంది. ఆ వాంతి తలదెబ్బదేనని వెర్లన్‌కు అర్థమైంది. నోరు విప్పితే తన కిటుకు బయటపడుతుంది, ఉద్యోగం ఊడుతుంది. మెత్త కడిగి ఆరబెట్టి ఊరుకున్నాడు. పిరికివాడు.

నవంబరులో ఆఖరి ఆట ఎర్ర హెల్మెట్ల హార్మన్ కాలేజీతో. గెలిస్తే మొట్టమొదటిసారి రాష్ట్రం దాటి ఆడతారు. ఇంకా పదిహేను నిమిషాల ఆట ఉందనగా ట్రేవియన్ మళ్లీ గుద్దుకుని వెల్లకిలా పడ్డాడు. చేతులు రెండూ గాల్లోకి లేచి కర్రల్లా బిగుసుకున్నాయి. కాసేపటికి లేచాడు. ఏ నెల, ఎవరితో ఆట, స్కోరెంత అని డాక్టరు అడిగితే బట్టీపట్టినట్టు గడగడా అప్పజెప్పాడు. డాక్టరు తలూపి, మోకాలు విరిగిన ఇంకొకడి దగ్గరికి పరిగెత్తాడు.

ఈలోగా వెర్లన్ ఆ హెల్మెట్ తీసుకెళ్లి ట్రక్కులో పడేసి తాళం వేశాడు.

"వెర్లన్, వాడి హెల్మెట్ ఏది?" కోచ్ ప్రూయిట్ అరిచాడు.

"ట్రక్కులో ఉంది. ఇవ్వను కోచ్. వాడి పరీక్షంతా బోగస్. ఆ దొంగతెలివి నేర్పింది నేనే."

"తాళం పడెయ్! లేదంటే సోమవారం నుంచి నీ మొహం చూపించకు."

"చూపించను."

ట్రేవియన్ ఇద్దరి మధ్యకీ తోసుకుంటూ వచ్చాడు. "నా హెల్మెట్ ఇయ్యి ముసలోడా!" మొదటి గుద్దుకే వెర్లన్ ముక్కు పగిలింది. రెండోదానికి పన్ను ఊడింది. కింద పడ్డవాడి గుండెల మీద కూర్చుని మొహం మీద గుద్దుతూనే ఉన్నాడు. వెర్లన్ పిడికిట్లో తాళం ఉందని చూసి, లేచి ముళ్ల బూటుతో ఆ చేతిని తొక్కాడు. రెండు వేళ్లు విరిగాయి. పిడికిలి విడలేదు. నలుగురు కలిసి ట్రేవియన్‌ను లాగేసరికి, వాడు వాళ్ల చేతుల్లోనే కుప్పకూలాడు. జట్టు మూడు పాయింట్ల తేడాతో ఓడిపోయింది.

తలలో రక్తం చేరిందని రాత్రికి రాత్రే ఆపరేషన్ చేశారు. ఇంకొక్క దెబ్బ తగిలుంటే మనిషి దక్కేవాడు కాదన్నారు.

నాలుగో రోజు వెర్లన్ చూడ్డానికెళ్లాడు. దారి పొడుగునా క్షమాపణ నెమరేసుకుంటూనే ఉన్నాడు. గుండు చేసిన తలకు కట్టుతో ట్రేవియన్ మంచం మీద లేచి కూర్చున్నాడు.

"బాబాయ్! ఏంటా ముక్కు? ఎవడు కొట్టాడు? పేరు చెప్పు, వాడి సంగతి నేను చూస్తా!"

వెర్లన్ వేళ్లు విరిగిన చేతిని వెనక్కి దాచుకున్నాడు. "అల్మరా మీద పడిందిరా," అన్నాడు.

"జాగ్రత్త బాబాయ్. గెలిచామా మరి?"

"ఓడిపోయాం."

ట్రేవియన్ కాసేపు కిటికీలోంచి చూశాడు. మళ్లీ ఇటు తిరిగి ఉలిక్కిపడ్డాడు.

"బాబాయ్! ఏంటా ముక్కు? ఎవడు కొట్టాడు?"

వెర్లన్ కుర్చీ దగ్గరకు లాక్కుని, అల్మరా మీద పడిందని మళ్లీ మొదటినుంచీ చెప్పాడు.