పాపన్న బోరు సినిమా

మా ఐజాక్ సినిమాలు తీస్తాడు. కథ ఉండదు, పాట ఉండదు, మాటన్నా ఉండదు. ప్రయోగాత్మక డాక్యుమెంటరీ అంటాడు. గాలిమర నీడ వేరుశెనగ చేను మీద తిరగడం ఒక సినిమా. మేక నెమరెయ్యడం ఇంకొకటి. బెంగళూరులో ఎవరో పెద్దమనుషులు ఆ మేకను చూసి, మౌనం మాట్లాడిందన్నారట.

"మౌనమే మాట్లాడేటట్లుంటే ఇంట్లో నేను అరిచేది యాల?" అంది వాడి భార్య రూతు.

అరవదా మరి! ముందు పెళ్లిళ్లకు వీడియోలు తీసేవాడు. శింగనమలలో ఒక పెళ్లిలో సరిగ్గా తాళి కట్టే సమయానికి వాడి కెమెరా పోయి సాంబారు గంగాళం మీద నిలబడింది. కుతకుతలాడటం బాగుందట! పెళ్లికూతురి నాయన వెంటపడి తరిమాడు. ఆ తర్వాత ఎవరు పిలుస్తారు?

నాది షామియానా అంగడి. చిన్నప్పటి స్నేహితుడు కదా అని వాడి సినిమాలకు కుర్చీలు వేసేది నేనే. సగం కాకముందే ఖాళీ కుర్చీలు పేర్చేదీ నేనే. వాడి మీదా, నడుమ లేచి వెళ్లేవాళ్ల మీదా కూడా కడుపు మండిపోయేది.

చివరికి రూతు తేల్చి చెప్పింది. "ఈసారి మనూర్లో ఒక్కరన్నా కడదాంకా కూచుంటే సరి. లేకుంటే కెమెరా అమ్మేసి సోమందేపల్లెలో మా అన్న సిమెంటు అంగట్లో కూచో."

ఐజాక్ ముఖం మాడిపోయింది. కెమెరా లేకపోతే వాడు మనిషిగా మిగలడు, నాకు తెలుసు.

కొత్త సినిమా మా ఊరి పాపన్న చేలో బోరు వేసిన రోజు గురించి. మిషను తిరుగుతుంది, తెల్లదుమ్ము లేస్తుంది. గంటన్నర అదే. చచ్చాంరా దేవుడా అనుకుంటూ, పొద్దుగూకే వేళకు చర్చి గోడకు తెల్లగుడ్డ కట్టాను.

సినిమా మొదలైన కాసేపటికి, ఇంటికి పోదామని కదిరప్ప లేచాడు. చౌడమ్మవ్వ కసిరింది.

"కూచోరా! బోరేస్తాంటే నడుమ లేస్తే గంగమ్మ ఎనక్కి పోతాది, తెలీదా? చెప్పులిడువు!"

మా ఊళ్లో అది కట్టడి. బోరు దగ్గర చెప్పులు వేసుకోరు, మిషను ఆగేదాకా లేవరు. కదిరప్ప చెప్పులు విడిచి కూర్చున్నాడు. వరసగా అందరూ విడిచారు. ఎవరో తెర ముందు టెంకాయ కొట్టారు. ఆ బోరులో చుక్క పడలేదని ఊరంతటికీ తెలుసు! అయినా దుమ్ము కాస్త ముదురు రంగుకు తిరగ్గానే "తేమొచ్చె, తేమొచ్చె!" అని అరుపులు. సిగ్గులేకుండా నేనూ అరిచాను.

మిషను ఆగింది. తెర నల్లబడింది. ఒక్కరూ లేవలేదు.

"అయిపోయింది," అన్నాడు ఐజాక్.

ముందువరసలో చేతులు జోడించుకుని కూర్చున్న పాపన్న గయ్యిమన్నాడు. "ఏమప్పా, అప్పుడే యాల ఆపితివి? ఇంగ రోంత దించింటే నీళ్లు పడుండును!"

"ఆపించింది నువ్వే గదా మామా."

"నేనంటే దుడ్లు లేక ఆపితిని. నీ సినిమాకేమి రోగం?"

ఒకరిద్దరు నవ్వారు. పాపన్న నవ్వలేదు, నల్లటి తెరనే చూస్తున్నాడు. ఐజాక్ కళ్లు తుడుచుకున్నాడు.

రూతు వట్టి కాళ్లతోనే పక్కకు వెళ్లి ఫోను తీసింది.

"అన్నా, మీ బావ నీ అంగట్లోకి రాడు. ఈడ పనుండాది."