మునిగాకే జోరు

హౌరా ఘాట్‌లో ఫెర్రీ కదిలేటప్పుడు లేచే డీజిలు వాసన నాకు గిట్టదు. గిట్టదంటూనే రెయిలింగు దగ్గరికి వెళ్లి పీలుస్తాను. మా దానియేలు మామయ్య బట్టలు ఎన్నిసార్లు ఉతికినా అదే వాసన వేసేవి. ఆయన సొంత మామయ్య కాదు. ఖిద్దిర్‌పూర్ పోర్టు క్వార్టర్సులో మా పక్కింటాయన. శ్రీకాకుళం నుంచి వెళ్లి నేవీలో చేరి, సబ్‌మెరైన్లలో ఇంజన్లు చూసి, రిటైరయ్యాక ఇక్కడి డాకులో మెకానిక్కుగా కుదిరాడు. పెళ్లి చేసుకోలేదు. ఆదివారం చర్చి అయ్యాక నన్నూ, పై అంతస్తులోని నా ఈడు పిల్ల ఎస్తేరునూ కూర్చోబెట్టుకుని మరమరాలు పెట్టి కబుర్లు చెప్పేవాడు.

"నీళ్ల లోపల సబ్‌మెరైన్ ఎంత స్పీడుగా పోద్ది మామయ్యా?" అని ఒకరోజు అడిగాను.

"మా డీజిలు బోటు గంటకి ముప్పయ్యయిదు, నలభై కిలోమీటర్లు. అణుశక్తిదైతే యాభై దాటి పోద్ది."

"అంతేనా? లోకల్ ట్రైనే నయం!"

ఆయన నవ్వాడు. "నీటి మీద ఇంకా నెమ్మదే. బలమంతా అలలు లేపడానికే పోద్ది. మునిగాకే జోరు. అలాగని బ్యాటరీ మీద పరిగెత్తించీసేవనుకో, గంటకల్లా ఖాళీ."

అప్పటిదాకా నోరు విప్పని ఎస్తేరు, "జోరుగా పోతే చప్పుడవదా? శత్రువులకి వినబడదా?" అంది.

మామయ్య టీ గ్లాసు కింద పెట్టేశాడు. "ఓలమ్మో! అసలు ప్రశ్న అదేనే!" అంటూ దాని తల నిమిరాడు. మొదట అడిగింది నేను. ఆ చెయ్యి నా తల మీదికి రాలేదు.

ఆ వారమంతా లైబ్రరీలో కూర్చున్నాను. వేగం పెరిగితే ప్రొపెల్లరు రెక్కల దగ్గర బుడగలు పుట్టి పగులుతాయనీ, చప్పుడు వాటిదేననీ ఆదివారం గడగడా అప్పజెప్పాను. "బాగా సదివినావు" అని ఎస్తేరు వైపు తిరిగి, "ఇప్పుడేటడుగుతావే?" అన్నాడు. దాన్ని దాటాలన్న కసితోనే ఫిజిక్సు చదివాను. దాటలేదు. అది విశాఖలో ఓడలు డిజైన్ చేసే ఉద్యోగంలో చేరింది. నేను ఇక్కడే బడిలో టీచరునయ్యాను.

మామయ్యకు మోకాళ్లు పట్టేశాక ప్రతి ఆదివారం చేపల పులుసు పట్టుకెళ్లేదాన్ని. మధ్యలో ఎస్తేరు ఫోను వస్తే ఆయన ముఖం వెలిగిపోయేది. ఒకసారి ఉండబట్టలేక అడిగేశాను.

"పులుసు తెచ్చేది నేను. మురిసిపోయేది దాని ఫోనుకా?"

"అది దూరంగా ఉంది గదే. నువ్వొస్తావని నాకు తెల్సు. తెల్సినదానికి ఏటి మురుస్తాం?" అన్నాడు. అది ప్రేమో, చులకనో నాకు తేలలేదు.

ఆయన పోయాక ఎస్తేరు వచ్చింది. సమాధి దగ్గర పూలు పెట్టి, నా వైపు చూడకుండా అంది: "ఫోన్లో ఎప్పుడూ నీ గురించేనే. నువ్వేం వండావు, బడిలో ఏం చెప్పావు... నాకెంత కుళ్లుగా ఉండేదో! ఆదివారాలన్నీ నీకే దక్కాయి."

అది విన్నా నా కుళ్లు చల్లారలేదు. దాని గురించి ఆయన నాతో చెప్పినవన్నీ చెప్పాలనిపించింది, చెప్పలేదు. ఇప్పటికీ దాని ఫొటో ఎక్కడైనా కనబడితే గుండె చురుక్కుమంటుంది. కానీ క్లాసులో ఒక పిల్ల మంచి ప్రశ్న అడిగినప్పుడు, శభాష్ అనే ముందు, దాని పక్కన కూర్చున్న పిల్ల ముఖం చూస్తాను.